ఎనిమిదో చరణం

"కోలాటంలో రాసిపెట్టుకోవడానికి ఏముందండీ? రెండు కట్టెలు, నలుగురు ఆడవాళ్ళు, ఒక పాట. అంతే కదా" అన్నాడు ఒక సభలో నా పక్కన కూర్చున్న పెద్దమనిషి. శాస్త్రీయ నృత్యం మీద పుస్తకాలు రాసినాయన. నేను కూచిపూడి నేర్చుకున్నదాన్నే. కర్నూలులో డిగ్రీ కాలేజీ పిల్లలకు చరిత్ర చెప్పేదాన్ని. పైగా నోరు ఊరుకోనిదాన్ని. "అయితే మీరు లేచి జడకోపు వేసి, మళ్ళీ విప్పి చూపించండి. నేను తాళం వేస్తాను" అన్నాను. ఆయన మంచినీళ్ళు తాగాడు. మధ్యాహ్నం భోజనాల దగ్గర నేనున్న బల్ల వైపు రాలేదు.

నిజం చెప్పాలంటే ఆ రోజుకు నాకూ విప్పడం రాదు. ఆ సంగతి ఆయనకు చెప్పాల్సిన అవసరం నాకు కనిపించలేదు.

జడకోపు చూడనివాళ్ళు చాలామందే ఉంటారు కాబట్టి చెబుతాను. కోపు అంటే కోలాటంలో ఒక ఆట తీరు. పైన ఒక దూలానికి ఎనిమిది తాళ్ళు కట్టి వేలాడదీస్తారు. ఎనిమిది మంది ఆడవాళ్ళు ఒక చేత్తో తాడు కొస, ఇంకో చేత్తో కోల పట్టుకుని గుండ్రంగా నిలబడతారు. నలుగురు ఇటు తిరిగి, నలుగురు అటు తిరిగి ఎదురెదురుగా నడుస్తారు. ఎదురుపడ్డ ఇద్దరిలో ఒకరు బయటి నుంచి దాటితే ఇంకొకరు లోపలి నుంచి దూరిపోతారు. ఆ తర్వాతి మనిషి ఎదురైనప్పుడు బయట దాటినామె లోపలికి, లోపల దూరినామె బయటికి. పాట ముగిసేసరికి పైన తాళ్ళన్నీ కలిసి ఒక లావుపాటి జడ అవుతుంది. అప్పుడు వెనక్కి తిరిగి, అదే పాటను మళ్ళీ ఎత్తుకుని, ఆడుతూనే ఆ జడను విప్పాలి. అల్లడం చూసి జనం బాగుందంటారు. విప్పడం చూసి లేచి నిలబడతారు. ఆట మొదట్లో ఎదురెదురుగా నిలబడే ఇద్దరిని ఉద్దులు అంటారు. ఎవరి ఉద్ది వాళ్ళకు ఖాయం. ఇంట్లో మొగుడి మీద అలిగి పుట్టింటికి పోయిన మనిషి కూడా ఉద్ది కోసం సాయంత్రానికి ఆటకు వచ్చేదని మా అమ్మ చెప్పేది.

నేను మొదటిసారి జడకోపు చూసింది మైదుకూరు పక్కన మా అమ్మ పుట్టిన ఊళ్ళో, తిరునాళ్ళలో. రెండో తరగతో మూడో తరగతో చదువుతున్నాను. మా తాత ఊళ్ళో పెద్ద రైతు కాబట్టి ముందు వరసలో ఆయనకొక కుర్చీ. కుర్చీలో ఆయన, ఆయన ఒళ్ళో నేను. ఎండ తగ్గి గాలి తిరిగే వేళ. ఎనిమిది మంది పాత చీరలు పేనిన తాళ్ళు పట్టుకుని ఆడుతున్నారు. నాకు ఆ రోజు జడా చూడాలి, రంగులరాట్నమూ ఎక్కాలి, రెండూ ఒకేసారి కావాలి. జడ అల్లడం అయింది. విప్పబోయేసరికి చిక్కుపడింది. లాగేకొద్దీ బిగుసుకుంది. చివరికి ఎవరో నిచ్చెన వేసుకుని ఎక్కి, కొడవలితో ఎనిమిది తాళ్ళనూ పటపటా కోసేశారు. జనం నవ్వారు. నేను మాత్రం, తెగిన కొసలు చేత పట్టుకుని తలెత్తి పైకి చూస్తున్న ఆ ఎనిమిది మందిని చూస్తూ ఉండిపోయాను. ఈ ఆట పిచ్చి నాకు పట్టింది అక్కడే. బాగా ఆడినవాళ్ళను చూసి కాదు, చిక్కుపడ్డవాళ్ళను చూసి.

తప్పు ఎవరిదో ఊరు ఆ సాయంత్రమే తేల్చేసింది. ఆ ఎనిమిది మందిలో ఊరి కోడలు ఒకామె, నాకు అత్త వరస, ఆమె అడుగు తప్పిందన్నారు. ఆ మాట మొదట అన్నది ఆమె ఉద్దే. ఆవిడ ఊరి ఆడపడుచు, నాకు చిన్నమ్మ వరస. ఆ తర్వాత ఆ ఊళ్ళో జడకోపు ఎవరూ ఆడలేదు, ఉద్దులిద్దరూ మాట్లాడుకోలేదు.

ఇన్నేళ్ళ తర్వాత నేను మన కర్నూలు, కడప జిల్లాల కోలాటం కోపుల మీద పుస్తకం రాస్తూ కూర్చున్నాను. ఊరూరూ తిరిగాను. ఒక్కో కోపుకు అడుగులు, తాళం, ఎటు తిరగాలి, ఎక్కడ వంగాలి, అన్నీ బొమ్మలు గీసి రాసుకున్నాను. జడకోపు దగ్గర మాత్రం సగం పేజీ ఖాళీగా ఉండిపోయింది. విప్పడం గురించి నేను ఒకే ఒక్క వాక్యం రాసుకున్నాను: 'అల్లేటప్పుడు బయటి నుంచి మొదలుపెట్టినవాళ్ళే విప్పేటప్పుడూ బయటి నుంచి మొదలుపెడతారు.' ఇది నాకెవరూ చెప్పలేదు. నేనే ఆలోచించి, ఇంతకంటే వేరుగా ఉండటానికి వీల్లేదని తేల్చి, కింద గీత కూడా గీశాను.

కర్నూలు పక్కనే కల్లూరులో మా ఇంటి మేడ మీద రేకుల షెడ్డులో సాయంత్రాలు డాన్సు క్లాసు నడుపుతాను. ఎనిమిది మంది అమ్మాయిలను ఎంచి, ఇనుప దూలానికి నవారు కట్టి నేర్పించాను. పాట మా అమ్మ నోటి నుంచి రాసుకున్నదే, ఎనిమిది చరణాలు. చరణానికి మూడు దాట్లు. ఎదురుపడి ఒకరినొకరు దాటడం ఒక దాటు. అల్లడం పది రోజుల్లో వచ్చేసింది, ముచ్చటైన జడ. విప్పడం మొదలుపెడితే మూడో దాటుకే గట్టి ముడి. రోజూ నేను స్టూలు వేసుకుని ఎక్కి గోళ్ళతో ముళ్ళు తీయడం, కిందనుంచి అమ్మాయిలు "జాగ్రత్త మేడం" అనడం. మా ఆయన టీ కప్పుతో పైకి వచ్చి చూసి, "జడ వేసుకోవడం వచ్చు, విప్పుకోవడం రాదు. ఇదేం ఆడవాళ్ళు" అని దిగిపోయేవాడు. ఆయనకు బట్టతల. ఆయనతో ఈ విషయం చర్చించదలుచుకోలేదు.

ఒక్క రోజు మాత్రం జడ విప్పుకుంది. ఆ రోజు షేర్ ఆటోల వాళ్ళు ఏదో గొడవపడి త్వరగా బండ్లు ఆపేస్తారని తెలిసి, అమ్మాయిలు తొందరపడి ఒక చరణం ఎగ్గొట్టి ముగించారు. విప్పితే తాళ్ళు పాముల్లా జారి కిందికి వచ్చేశాయి. అంతకుముందే నేను వాళ్ళను గంటసేపు తిట్టి ఉన్నాను. నా తిట్ల మహిమ అనుకున్నాను. మర్నాడు అదే మోతాదులో మళ్ళీ తిట్టాను. మళ్ళీ ముడి.

ఇంక లాభం లేదని మైదుకూరు బస్సెక్కాను.

ఊళ్ళో, ఆనాడు మాట పడిన అత్త తన ఇంటి ముందు బండల మీద ఉడికించిన పసుపు కొమ్ములు ఆరబోసి, మధ్యలో కూర్చుని చేత్తో తిరగేస్తోంది. డెబ్బై దగ్గర పడ్డ మనిషి, నడుము మాత్రం నిటారుగా ఉంది.

"పసుపు తొక్కొద్దు. ఎవురు మే నువ్వు?" అంది.

చెప్పాను.

"పెద్దాయన మనవరాలివా? అట్ల చెప్పు. శానా లావైనావు. చిన్నప్పుడు పుల్ల మాదిరి ఉంటివి. ఏడుపు మాత్రం ఊరంతా ఇనపడేది."

"జడకోపు గురించి వచ్చాను అత్తా."

ఆమె చెయ్యి ఆగలేదు. "ఆ ఊసు నా దగ్గర ఎత్తొద్దు. ఈ ఊళ్ళో నాకు పేరు లేకుండా పాయె ఆ జడ వల్ల. యాడ చిక్కుపడినా నా పేరే. దారం చిక్కుపడితే నేనే, ఎద్దుల పగ్గం చిక్కుపడితే నేనే. మొన్న కరెంటు వైర్లు ఒకదానికొకటి సుట్టుకుంటే, స్తంభం ఎక్కిన లైన్‌మాన్ 'అత్త ఈ పక్కకు వచ్చిందా' అని కింద వాళ్ళను అడుగుతాడు. వాడు పోయినేడు వచ్చినోడు. వానికెట్ల తెల్సు చెప్పు? ఉద్యోగంతో పాటు రాసిచ్చినారా వానికి?"

నేను నవ్వాను. నవ్వకుండా ఉండాల్సింది. అక్కడితో ఆగకుండా, "అంత మందిలో ఎవరో ఒకరు తప్పుతారు అత్తా. తప్పయింది అని ఒక్క మాట ఒప్పుకుని ఉంటే ఆనాడే పోయేది" అని కూడా అన్నాను.

ఆమె చేతులకున్న పసుపు దులుపుకుంది. "మైదుకూరికి ఆటో ఇంకొంచేపట్లో వస్తాది. లే."

నేను లేవలేదు. నా స్వభావం అది. కాసేపు ఇద్దరం వాదించుకున్నాం. చివరికి ఆమె తన బేరం చెప్పింది. "నువ్వు బుక్కు రాస్తాండావు గదా. దాంట్లో ఆ పొద్దు తప్పు నాది కాదని రాయి. అడుగు చూపిస్తా."

"రుజువు లేకుండా ఎట్లా రాస్తాను? నేను చరిత్ర చెప్పేదాన్ని."

"అయితే రుజువు నువ్వే ఎతుక్కో. సదువుకున్నది నువ్వు గదా. నేను పోయేలోపల ఎతుకు. పోయినాక రాసి నా కాడ సదువుతావా?"

ఆ మాట నవ్వుతూనే అంది. కానీ పసుపు వైపు చూస్తూ అంది. బుక్కు, అడుగులు నాకు కావాలి. ఆమెకు కావలసింది ఒక్క వాక్యం. ఎవరి అవసరం పెద్దదో ఆ క్షణంలో నాకు అర్థమై, నోరు మూసుకున్నాను. ఇది తరచుగా జరిగే పని కాదు.

వెతుకుతానని మాటిచ్చాక అత్త కొట్టంలోకి పోయి ఒక తాడు తెచ్చింది. వెలిసిపోయి, ఏ రంగో చెప్పలేని గుడ్డ తాడు. "ఆ పొద్దు కోసినారు గదా, అది నా చీరే. పదేండ్లు బర్రెను కట్టినా దీంతో. బర్రె సచ్చిపాయె, తాడు ఉండాది." దాన్ని వసారా దూలానికి కట్టి, చీర కుచ్చెళ్ళు బొడ్లో దోపి మొదలుపెట్టింది. ఎదురుగా ఎవరూ లేరు. అయినా లేని మనిషికి సరిగ్గా చోటిచ్చి దాటుతోంది. లేని కోలకు తన కోల తాకించి ఆ చప్పుడు కోసం ఒక్క లిప్త ఆగుతోంది. "మేం నలుగురం బయట. అది, దాని వరస నలుగురు లోపల" అంది. ఫోన్‌లో తీసుకున్నాను.

"మరి విప్పడం?"

"అది కాళ్ళకు తెల్సు, నోటికి తెల్దు. ఎదురుగా మనిషి లేకుంటే రాదు."

"మీ ఉద్దిని అడగనా?"

"అడుగు. నేను అడగమన్నానని మాత్రం చెప్పొద్దు."

చిన్నమ్మ డోన్‌లో ఉంది. కొడుకు రైల్వేలో పని చేస్తాడు, పట్టాల పక్కనే క్వార్టర్. రైలు వచ్చిన ప్రతిసారీ మాట ఆపకుండా గొంతు పెంచడం ఆవిడకు అలవాటైపోయింది. రైలు పోయాక తగ్గించడం మరిచిపోతుంది. అందువల్ల మేం మాట్లాడిందంతా పక్క క్వార్టర్ల వాళ్ళూ విన్నారు.

"దాని దగ్గరికి పోయొచ్చినావా? ఏమంటాది?"

"తప్పు తనది కాదంటుంది."

"మరి నాదా? నేను పుట్టిన ఊళ్ళో నా అడుగు తప్పుతాదా? బయట ఊరి నుంచి వచ్చినదానికి నేనే నేర్పిస్తి కోల పట్టుకునేది. నేర్పించి నా నెత్తిన పెట్టుకుంటి." అంటూనే లేచి, తలుపు గొళ్ళేనికి తువ్వాలు కట్టి, దాని కొస పట్టుకుంది. "ఇదో, విప్పేది చూడు. మేం నలుగురం బయట. అది లోపల. ఆ పొద్దు నేను బయట నుంచి పోతాంటే అది లోపలికి రాకుండా గొడ్డు మాదిరి నిలబడె."

అదీ తీసుకున్నాను. ఆవిడా అంతే, తువ్వాలు పక్కన ఒక మనిషికి చోటు వదిలి దాటుతోంది. ఇన్నేళ్ళ పగలోనూ ఆ చోటు అంగుళం తగ్గలేదు.

ఇంటికొచ్చి రెండు వీడియోలూ కంప్యూటర్‌లో పక్కపక్కన పెట్టి నడిపించాను. నా నోట్‌బుక్‌లో గీత గీసిన వాక్యం ప్రకారం చూస్తే ఇద్దరూ బయటే. ఇద్దరూ బయట ఉంటే ఢీకొని పడటమే తప్ప జడ లేదు. ఎవరో ఒకరికి మరుపు వచ్చింది, లేదా ఎవరో ఒకరు అబద్ధమాడుతున్నారు. నాకు అత్త మీదే అనుమానం. పేరు పోగొట్టుకున్న మనిషి కదా, కథ మార్చుకుని ఉంటుందనుకున్నాను. నా వాక్యం మీద మాత్రం అనుమానం రాలేదు.

ఇద్దరినీ ఒకచోట నిలబెడితే తప్ప తేలదు. మామూలుగా పిలిస్తే ఎవరూ రారు. అత్తకు ఫోన్ చేసి, "చిన్నమ్మ కల్లూరికి రానంటోంది అత్తా, నువ్వొస్తావేమోనని" అన్నాను. డోన్‌కు ఫోన్ చేసి అవే మాటలు మనిషిని మార్చి చెప్పాను. ఆదివారం పొద్దున పదింటికల్లా ఇద్దరూ మా మేడ మీద ఉన్నారు.

ఉన్నారు గానీ మాట్లాడుకోరు. చెరొక మూల కుర్చీలు వేసుకుని కూర్చుని, నాతో మాట్లాడుతున్నట్టుగా ఒకరికొకరు చెప్పుకుంటున్నారు.

"నవారుతో జడకోపా? జారిపోతాది. ఆమెకు చెప్పు, చీరలైతేనే పట్టు ఉంటాదని" అని అత్త.

"ఆమె చీర బర్రెకు కట్టినాదంట గదా, తెమ్మని చెప్పకపోతివా" అని చిన్నమ్మ.

"తెచ్చినా" అని అత్త సంచిలోంచి తాడు తీసి ఒళ్ళో పెట్టుకుంది. చిన్నమ్మ దాన్ని చూసింది. కాసేపటికి, నా వైపు తిరిగి, "ఆకుపచ్చ చీర అది. కడపలో కొనింటిమి, ఇద్దరం ఒకే రంగు" అంది మెల్లగా. ఆవిడ గొంతు తగ్గించడం నేను అప్పుడే విన్నాను.

ఒక నవారు తీసేసి దాని చోట ఆ తాడు కట్టాము. ఇద్దరమ్మాయిలను పక్కకు జరిపి ఉద్దులిద్దరినీ నిలబెట్టాను. పాట నేనే ఎత్తుకున్నాను. మొదటి చరణంలో అత్త బయట, చిన్నమ్మ లోపల. ఆమె చెప్పింది చెప్పినట్టే. అంటే తప్పు గుర్తుపెట్టుకున్నది చిన్నమ్మే అనుకుని, పాడుతూనే ఆవిడ వైపు గుర్రుగా చూశాను. ఆవిడ నన్ను చూడటం లేదు, ఉద్ది కాళ్ళను చూస్తోంది. ఎనిమిది చరణాలు ముగిశాయి. జడ పడింది. అందరూ ఒకేసారి కోలలు కొట్టి వెనక్కి తిరిగారు. నేను పాట మళ్ళీ ఎత్తుకున్నాను. అప్పుడు చిన్నమ్మ బయటికి అడుగేసింది, అత్త తల వంచి లోపలికి దూరింది. మా అమ్మాయిలు నేను నేర్పిన అలవాటు ప్రకారం తప్పు వైపు కదలబోతే, ముసలాళ్ళిద్దరూ మోచేతులతో వాళ్ళను సరైన వైపు నెట్టారు. రెండో చరణానికి జడ కింది నుంచి వదులవడం మొదలైంది. ఆ తర్వాత నేను పాడానో, తాళ్ళవైపు చూస్తూ ఉండిపోయానో నాకు తెలియదు. పాట మాత్రం ఎవరో పాడారు. ఎనిమిది తాళ్ళూ దేనికవే విడిపోయి వేలాడాయి.

"ఆగండి, ఆగండి. బయట మొదలుపెట్టేది నేనంటే నేనని ఇద్దరూ చెప్పారు కదా?" అన్నాను.

"ఔ. అల్లేటప్పుడు నేను" అంది అత్త.

"విప్పేటప్పుడు నేను" అంది చిన్నమ్మ.

"అల్లేది ముగిసేటప్పటికి ఎవురు బయట ఉంటే వాళ్ళే బయట నుంచి ఎనక్కి రావల్ల. ఆఖరిగా ఏసిన ముడి ముందు విప్పల్ల గదా. తల దువ్వుకునేదానివే గదా నువ్వు. ఇంతదానికి కాలేజీ ఎందుకు?" అని అత్త.

నేను నోట్‌బుక్ తీసి గీత గీసిన వాక్యం కొట్టేశాను. అమ్మాయిలు చూడకుండా కొట్టేద్దామనుకున్నాను గానీ, ఎనిమిది మందీ భుజాల మీదుగా చూశారు. వారాల తరబడి నా తిట్లు తిన్న పిల్లలు. పెదవులు బిగబట్టి ఒకరినొకరు మోచేతులతో పొడుచుకున్నారు.

అప్పుడు నాకు షేర్ ఆటోల రోజు గుర్తొచ్చింది. ఆ రోజు అమ్మాయిలు ఒక చరణం ఎగ్గొట్టారు. చరణానికి మూడు దాట్లు. మూడు బేసి కాబట్టి ఒక చరణం తగ్గితే, ముగిసేసరికి లోపల ఉండాల్సినవాళ్ళు బయట ఉంటారు. అందుకే నా తప్పు పాఠం ఆ ఒక్క రోజు ఒప్పయింది. అట్లాగే పూర్తి పాటకు అలవాటుపడిన కాళ్ళకు ఒక చరణం తగ్గిస్తే, ఒప్పు అడుగు తప్పవుతుంది.

"అత్తా, ఆ తిరునాళ్ళ రోజు ఎన్ని చరణాలు పాడారు?"

ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. ఆ పొద్దున మొదటిసారి.

"ఏడు" అంది అత్త. "ఎనిమిదోది ఎత్తుకోనీలేదు. పాట చెప్పే ఆయన నోరు తెరిచినాడు, అంతలోకే నిలిపేసి కోల కొట్టమనె."

"ఎందుకు నిలిపేశారు?"

"పెద్దాయన చెయ్యెత్తినాడు గదా" అంది చిన్నమ్మ. "సాలించప్పా, పాప ఏడుస్తాంది, రాట్నం ఎక్కల్లంట అన్నె. ఆయన మాట ఎవురు కాదంటారు? నిలిపేసి తిరుక్కుంటిమి. కాళ్ళు మాత్రం ఎనిమిది పాడినట్టే పాయె." ఆవిడ ఆగింది. లెక్క ఆవిడ కాళ్ళలో జరుగుతోందని నాకు తెలిసింది, ఎందుకంటే నిలబడ్డ చోటే రెండు అడుగులు అటూ ఇటూ వేసింది. "అంటే ఆ పొద్దు బయట నుంచి తిరుక్కోవల్సింది నువ్వు మే. నేను కాదు. ఇద్దరం అలవాటు కొద్దీ పోతిమి."

అది నేరుగా అత్తతో అన్న మాట. మధ్యలో నేను లేను.

అత్త తాడు కొస చేతిలో ఒకసారి తిప్పింది. తర్వాత, "ఏ పాప?" అంది.

"పెద్దాయనకు ఎంతమంది మనవరాండ్లు? ఒక్కతే గదా."

ఇద్దరూ కలిసి నా వైపు తిరిగారు.

నేను కాలేజీలో వందమంది మగపిల్లల ముందు తడబడకుండా పాఠం చెప్పేదాన్ని. సభల్లో పెద్దమనుషుల చేత మంచినీళ్ళు తాగించేదాన్ని. ఆ రోజు మా మేడ మీద కూడా వాదనలు లేకపోలేదు. చిన్నపిల్లనని అనొచ్చు, తాత మాట అనొచ్చు. కానీ అత్త ఇంటి ముందు పసుపు బండల మీద కూర్చుని, 'తప్పయిందని ఒప్పుకుని ఉంటే ఆనాడే పోయేది' అని ఈ నోటితోనే అన్నాను.

"తప్పయింది అత్తా" అన్నాను.

"చూసినావా, ఎంత సులువుగా పాయె" అంది అత్త. ముందు చిన్నమ్మ నవ్వింది. ఆ తర్వాత అమ్మాయిలు, ఇన్నాళ్ళూ దాచుకున్నదంతా కలిపి నవ్వారు. కింద నుంచి మా ఆయన "ఏమైంది" అని అరిచాడు. చెప్పొద్దని సైగ చేశాను. నాలుగు గొంతులు ఒకేసారి చెప్పేశాయి.

నవ్వు సద్దుమణిగాక అత్త కుర్చీలో కూర్చుంటూ అడిగింది. "ఇంతకీ రాట్నం ఎక్కినావా ఆ పొద్దు?"

"లేదు. కొడవలి గొడవ అయ్యేసరికి రాట్నం నిలిపేసి టార్పాలిన్ కప్పేశారు."

"మంచి పనాయె" అంది తృప్తిగా.

పుస్తకంలో ఆ పేజీ అట్లాగే రాశాను. అడుగులు, బొమ్మలు, చరణానికి మూడు దాట్లు, చరణం తగ్గిస్తే ఏమవుతుందో అంతా. కింద, ఆ ఊళ్ళో తాళ్ళు ఎందుకు కోయాల్సి వచ్చిందో, అందులో ఆటవాళ్ళ తప్పేమీ లేదని, ముందు వరసలో ఒక మొండిపిల్ల ఏడ్చిందని కూడా రాశాను. ఫోన్‌లో అత్తకు చదివి వినిపించాను. రెండుసార్లు చదివించుకుంది. "మొండిపిల్ల అని మాత్రమే రాస్తే ఎట్ల? పెద్దయినాక గూడా మొండే అని రాయి" అంది. రాశాను. రుజువులున్నాయి.

పుస్తకం ఎంతమంది చదువుతారో నాకు తెలుసు. ఆ ఊళ్ళో ఒక్కరూ చదవరు. అందుకని ఈసారి తిరునాళ్ళకు అమ్మాయిలను తీసుకుని ఆ ఊరికే పోయాను. ముందు వరసలో రెండు ప్లాస్టిక్ కుర్చీలు వేయించి ఉద్దులిద్దరినీ కూర్చోబెట్టాను. పాత చీరలు ఊరివాళ్ళే ఇచ్చారు, పేనింది చిన్నమ్మ. సాయంత్రం ఎండ తగ్గాక ఆట మొదలైంది. ఈ రోజుల్లో తాతల చోట నాయకులు ఉంటారు. ఆ వచ్చిన నాయకుడికి ఇంకో ఊళ్ళో ఇంకో దండ ఉంది. ఏడో చరణం ముగుస్తుండగా ఆయన లేచి, గడియారం చూసి, మైకు దగ్గరున్న నన్ను ముగించమని చెయ్యెత్తాడు.

నేను నోరు తెరిచేలోపే అత్త లేచింది.

"ఏమప్పా, కూసో. ఇంకొక చరణం ఉండాది."

ఆయన పక్కనున్నవాళ్ళు "అవ్వా, సారుకు పని ఉండాది" అంటూ ముందుకొచ్చారు. అప్పుడు చిన్నమ్మ లేచింది. రైళ్ళ మీద సాన పట్టిన గొంతు, మైకు అవసరం లేదు.

"దాని మాట ఇను నాయనా. జడ సంగతి దానికి తెల్సినంత ఈ ఊళ్ళో ఎవురికీ తెల్దు. ఆ పొద్దు గూడా దానిది తప్పు కాదు. నేనే తెలీక అంటి. ఇనపడినాదా అందరికీ?"

అందరికీ వినపడింది. బహుశా మైదుకూరులో కూడా. నాయకుడు కూర్చున్నాడు. నేను ఎనిమిదో చరణం ఎత్తుకున్నాను. జడ ముగిసింది, అమ్మాయిలు కోలలు కొట్టి తిరిగారు, ఈసారి సరైనవాళ్ళు సరైన వైపు. తాళ్ళు ఒక్కొక్కటే విడిపోతూ చివరికి ఎనిమిదీ వేరువేరుగా గాలికి ఊగాయి. జనం లేచి నిలబడ్డారు.

అత్త తాళ్ళ వైపు చూడలేదు. లైట్ల కోసం పక్క స్తంభం ఎక్కి, అక్కడే కూర్చుని ఆట చూస్తున్న లైన్‌మాన్ వైపు చూసింది.

"దిగప్పా" అంది. "ఈడ చిక్కేం లేదు."